దెయ్యం ఏ భాషలో మాట్లాడుతుంది?

కోరాపుట్, రాయగడ జిల్లాల తెలుగు ఇళ్ళలో పెరిగిన విద్యార్థులకు రెండు మూడు భాషలు మాట్లాడటం వింత కాదు. ఇంట్లో తెలుగు, బడిలో ఒడియా, సంతలో దేశియా. అలాంటి విద్యార్థి ద్వంద్వ వ్యక్తిత్వం మీద వచ్చిన భయానక చిత్రాలను చూసేటప్పుడు ఒక విషయం గమనించాలని మా కోరిక. కథానాయిక మరో మనిషిగా మారిందని ప్రేక్షకుడికి ఎలా తెలుస్తుంది? కళ్ళు, జుట్టు, నాట్యం సరే. అన్నిటికంటే బలమైన గుర్తు భాష.

1993లో ఫాజిల్ దర్శకత్వంలో వచ్చిన మలయాళ చిత్రం 'మణిచిత్రతాళు' ఈ వరుసకు మూలం. శోభన పోషించిన గంగ, తనను తాను తంజావూరు నర్తకి నాగవల్లిగా భావించుకుని తమిళం మాట్లాడుతుంది. ఈ పాత్రకు శోభన జాతీయ ఉత్తమ నటి పురస్కారం పొందారు. ఇదే కథ 2004లో కన్నడంలో 'ఆప్తమిత్ర'గా, 2005లో తమిళంలో 'చంద్రముఖి'గా వచ్చింది. రెంటికీ పి. వాసు దర్శకుడు. రెంటిలోనూ నర్తకి భాష తెలుగు. 'చంద్రముఖి' తెలుగులోకి అనువాదమైనప్పుడు నర్తకి పాట తమిళానికి మారింది. 2007 నాటి హిందీ చిత్రం 'భూల్ భులయ్యా'లో మంజులిక బెంగాలీ మాట్లాడింది.

అంటే దెయ్యానికి సొంత భాష లేదు. చూసేవాడి పొరుగింటి భాషే దాని భాష. మరీ తెలియని భాష అయితే భయం పుట్టదు, గందరగోళమే మిగులుతుంది. బాగా తెలిసిన భాష అయితే మార్పే కనబడదు. సగం అర్థమై సగం అర్థం కాని మాటే గుండెను పట్టుకుంటుంది.

ఈ చిత్రాల్లో దెయ్యం లేదనీ, ఉన్నది మానసిక వ్యాధేననీ వైద్యుడి పాత్ర వివరిస్తుంది. అంతవరకు మేలే. కానీ తెర మీది వ్యాధికీ అసలు వ్యాధికీ దూరం చాలా ఉంది. ఒకప్పుడు మల్టిపుల్ పర్సనాలిటీ అన్న దాన్ని అమెరికన్ సైకియాట్రిక్ అసోసియేషన్ 1994లో డిసోసియేటివ్ ఐడెంటిటీ డిసార్డర్‌గా పేరు మార్చింది. చాలామంది రోగుల వెనుక చిన్ననాటి తీవ్రమైన హింస ఉంటుంది. చికిత్స ఏళ్ళ తరబడి సాగుతుంది; ఒక్క రాత్రి నాటకంతో నయం కాదు. రోగి ఇతరులకంటే తనకు తానే హాని చేసుకునే ప్రమాదం ఎక్కువ.

జాతరలో పూనకం వచ్చిన మనిషిని కూడా ఈ లెక్కలో వేయకూడదు. ప్రపంచ ఆరోగ్య సంస్థ వ్యాధుల పట్టికే, మతాచారంలో భాగంగా సమాజం అంగీకరించిన పూనకాన్ని వ్యాధిగా పరిగణించదు. ఇష్టం లేకుండా, ఆచారానికి బయట వచ్చి బాధించేదే వ్యాధి. అలాంటప్పుడు భూతవైద్యుడి దగ్గరికి కాక మానసిక వైద్యుడి దగ్గరికి తీసుకువెళ్ళాలి.

ఇక మన జిల్లాల మాట. జయపురం సంస్థానం విశాఖపట్నం జిల్లాలో ఉండేది. 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా రాష్ట్రం ఏర్పడినప్పుడు ఈ ప్రాంతం కోరాపుట్ జిల్లాగా అటు చేరింది. 1992 అక్టోబరు 2న దాని నుంచి రాయగడ విడివడింది. సరిహద్దు మారింది గాని ఇళ్ళలో మాట మారలేదు. రాయగడ కొండల్లో కోందులు మాట్లాడే కువి, తెలుగు ఉన్న దక్షిణ మధ్య ద్రావిడ శాఖకే చెందినది. పొరుగు భాష అనుకున్నది మన చుట్టమే!

రెండు నాలుకలవాడు అంటే తెలుగులో తిట్టు. తెర మీద రెండో భాష రోగ లక్షణం. తరగతిలో ఒడియా మాట్లాడి, ఇంటికి వచ్చి అమ్మతో తెలుగు మాట్లాడే విద్యార్థి మాత్రం ఒకే మనిషి. ఇంటి భాష బయట వినబడితే ఎవరేమనుకుంటారో అని గొంతు తగ్గించుకోవలసిన పని లేదు. సినిమా చూసి భయపడదాం. మన మాటకు మనమే భయపడవద్దు.