అటక దిగిన ఆటపెట్టె

సంక్రాంతి ముందు ఇల్లు దులపడం మనందరికీ ఉన్నదే కదా! ఈసారి అటక సర్దుతుంటే పాత దుప్పట్ల అడుగున ఒక బిస్కెట్ల డబ్బా దొరికింది. మూత తీస్తే అందులో నల్లగా, అరచేతికి కాస్త పెద్దగా ఒక వస్తువు, దాంతోపాటు నాలుగైదు బుల్లి డిస్కులు. "అమ్మా, ఏంటిది?" అంటూ మా చిన్నాడు ఎగిరి పట్టుకున్నాడు. అది పీఎస్‌పీ. 2010లో మా పెద్దమ్మాయి ఐదో క్లాసులో ఉండగా మా మరిది కొనిచ్చిన ఆటపెట్టె.

సోనీ కంపెనీవారు ఈ పీఎస్‌పీని మొదట 2004 డిసెంబరులో జపాన్‌లో అమ్మారు. ప్రపంచం మొత్తమ్మీద దాదాపు 8 కోట్లు అమ్ముడయ్యాయట. 2014లో దీని తయారీ ఆపేశారు. ఆటలు యూఎండీ అనే చిన్న డిస్కుల్లో వచ్చేవి.

నాకు ఆ పెట్టెని చూడగానే ప్రాణం లేచొచ్చింది. ఎందుకో చెప్తాను. మా చిన్నాడు తొమ్మిదో క్లాసు. ఫోన్లో ఆటల పిచ్చి. కిందటి దసరా సెలవుల్లో నా ఫోన్ తీసుకుని, ఆటలో బొమ్మకి చొక్కాలూ తుపాకులూ కొంటూ నా ఖాతాలోంచి 3,800 రూపాయలు ఊడ్చేశాడు. డబ్బు పోతే పోయింది, ముక్కూ మొహం తెలియని వాళ్ళతో అర్ధరాత్రి కబుర్లొకటి! ఈ పాత పెట్టెలో ప్రకటనలు రావు, కొనమని అడగదు, ఎవరూ పలకరించరు. ఆట అయిపోతే అయిపోయినట్టే. ఇదేదో బాగుందే అనుకున్నా.

అయితే డిస్కు పెడితే గరగరమని చప్పుడు తప్ప ఆట రాదు. రెండు డిస్కులకి ప్లాస్టిక్ పెంకు విడిపోయింది. సరే కదా అని బజార్లో ఒక షాపుకి పట్టుకెళ్ళాను. ఆ అబ్బాయి చూసి, "ఆంటీ, కార్డు ఫార్మాట్ కొట్టేసి వంద గేములు వేసిస్తా, 1,500 ఇవ్వండి" అన్నాడు. ఇచ్చేసేదాన్నే! ఎందుకైనా మంచిదని బెంగుళూరులో ఉద్యోగం చేస్తున్న మా అమ్మాయికి ఫోన్ చేశాను.

"అమ్మా! ఆగు, ఆగు! ఫార్మాట్ చేస్తే లోపలున్నదంతా పోతుంది. తాతయ్య ఆడిన ఆట అందులోనే ఉంది" అంది.

నా చెయ్యి అక్కడే ఆగిపోయింది. మా మామగారు మోకాలి ఆపరేషనై మంచంమీద ఉన్న రోజుల్లో మనవరాలే ఆయనకి ఈ పెట్టె వాడటం నేర్పింది. 'దేశీ అడ్డా' అని కబడ్డీ, గాలిపటాలు, కర్రా బిళ్ళ లాంటి మన ఆటలతో 2009లో వచ్చిన గేము అది. మన హైదరాబాదులోని గేమ్‌శాస్త్ర అనే సంస్థవాళ్ళు తయారుచేశారు. మామగారు తెల్లవారుజామునే లేచి కాఫీ వచ్చేలోపు కబడ్డీ ఆడేవారు. 2014లో పోయారు. అప్పటికి మా చిన్నాడికి రెండేళ్ళు, తాతయ్య మొహం కూడా వాడికి గుర్తులేదు.

షాపులోంచి పెట్టె తీసుకుని ఇంటికొచ్చేశాను. "నువ్వే చెయ్యగలవమ్మా, నేను ఫోన్లో చెప్తాగా" అంది అమ్మాయి. ఇంటర్‌తో చదువాపేసినదాన్ని, నా వల్ల అవుతుందా అని భయపడ్డాను గానీ, ఆవకాయ పెట్టడం కన్నా కష్టమేం కాదు. ఇంట్లో ఇలాంటి పెట్టె మూలపడి ఉన్న అక్కచెల్లెళ్ళ కోసం నేను చేసిన పద్ధతి రాస్తున్నాను.

అసలు ఫర్మ్‌వేర్ అంటే?

పెట్టెలో పుట్టుకతో ఉండి దాన్ని నడిపించే ప్రోగ్రామే ఫర్మ్‌వేర్. కంపెనీవాళ్ళు ఇచ్చినది అద్దిల్లు లాంటిది. గోడకి మేకు కొట్టాలన్నా యజమాని ఒప్పుకోవాలి. డిస్కులోని ఆటని డిస్కుతోనే ఆడాలి, కార్డులోకి మార్చుకుంటానంటే కుదరదు. దాన్ని కొందరు ఔత్సాహికులు మార్చి రాశారు, అదే కస్టమ్ ఫర్మ్‌వేర్. 2006లో స్పెయిన్ దేశపు కుర్రాడొకడు డార్క్ అలెక్స్ అనే మారుపేరుతో పీఎస్‌పీకి ఇలాంటిది చేసి పేరు తెచ్చుకున్నాడు. ఈమధ్య వాడుకలో ఉన్నదాని పేరు ఆర్క్-4. ఇది ఉంటే డిస్కులోని ఆటని కార్డులో పెట్టుకుని, డిస్కు లేకుండానే ఆడుకోవచ్చు.

కావలసినవి

పీఎస్‌పీ, దాని చార్జరు. పాడవని బ్యాటరీ. మెమరీ స్టిక్ ప్రో డ్యుయో అనే దాని కార్డు. అది దొరక్కపోతే ఫోన్లో వేసే మైక్రో ఎస్‌డీ కార్డుని ఇందులో పట్టేలా చేసే అడాప్టర్ కొనుక్కోవచ్చు. ఒక కంప్యూటరు. మినీ యూఎస్‌బీ వైరు. ఇప్పటి ఫోన్ల వైర్లు దీనికి పట్టవు, పాత కెమెరాలతో వచ్చిన వైరు వెతకండి. మీరు కొనుక్కున్న ఆటల డిస్కులు.

అన్నిటికన్నా ముందు వెనక మూత తీసి బ్యాటరీ చూడండి. పూరీలా ఉబ్బి ఉంటే వాడొద్దు, నొక్కొద్దు, గుచ్చొద్దు, చెత్తబుట్టలోనూ వెయ్యొద్దు. పాత ఎలక్ట్రానిక్ సామాను తీసుకునేచోట ఇవ్వాలి. మాది ఉబ్బిపోయి మూత లేచిపోయింది. కొత్తది తెప్పించాకే పని మొదలుపెట్టాం.

ముందు దాచుకోవడం

పెట్టె ఆన్ చేసి, సెట్టింగ్స్‌లో యూఎస్‌బీ కనెక్షన్ నొక్కి, వైరుతో కంప్యూటరుకి తగిలిస్తే కార్డు పెన్ డ్రైవ్ లాగా కనిపిస్తుంది. అందులో 'పీఎస్‌పీ' అనే ఫోల్డరు, దాని లోపల 'సేవ్‌డేటా' అనే ఫోల్డరు ఉంటాయి. ఎవరు ఏ ఆట ఎంతవరకు ఆడి ఆపారో అదంతా ఈ సేవ్‌డేటాలోనే ఉంటుంది. లోపలి ఫోల్డర్లకి అక్షరాలూ అంకెలూ కలిసిన పిచ్చి పేర్లుంటాయి, ఏది దేనిదో తెలియదు. అందుకని ఏరకుండా మొత్తం కార్డునే కంప్యూటరులోకి కాపీ చేశాను. ఇంకొక కాపీ పెన్ డ్రైవ్‌లో. ఇది కాకుండా మిగతా పనులేవీ ముట్టుకోవద్దు. షాపులో ఇచ్చినా సరే, కార్డు తీసి దగ్గరుంచుకుని పెట్టె మాత్రమే ఇవ్వండి.

కొత్త ఫర్మ్‌వేర్ ఎక్కించడం

సెట్టింగ్స్‌లో సిస్టమ్ ఇన్ఫర్మేషన్ చూస్తే ఇప్పుడున్న ఫర్మ్‌వేర్ నంబరు తెలుస్తుంది. దీనికి కంపెనీవారు ఇచ్చిన ఆఖరిది 6.61, 2015లో వచ్చింది. మాది అంతకన్నా పాతది కాబట్టి ముందు దాన్ని 6.61కి మార్చాం. ఈ పని జరుగుతున్నప్పుడు బ్యాటరీ నిండుగా ఉండాలి, చార్జరు కూడా తగిలించి ఉండాలి. మధ్యలో కరెంటు పోయి పెట్టె ఆరిపోయిందా, ఇక అది లేవకపోవచ్చు. మా ఊళ్ళో ఎప్పుడు కోత పెడతారో తెలుసు గనక, ఆ టైము దాటాకే మొదలుపెట్టాను.

తర్వాత ఆర్క్-4లో వచ్చిన రెండు ఫోల్డర్లలో ఒకటి సేవ్‌డేటాలో, లోడర్ అనేది 'గేమ్' అనే ఫోల్డరులో పెట్టాలి. వైరు తీసేసి, పెట్టెలో గేమ్ మెనూకి వెళ్ళి ఆ లోడర్ నొక్కితే కస్టమ్ ఫర్మ్‌వేర్ పనిచేస్తుంది. మాది 3000 రకం పీఎస్‌పీ. పూర్తిగా ఆపేస్తే మళ్ళీ ఆ లోడర్ నొక్కాలి. స్విచ్ కొద్దిగా జరిపి నిద్రపుచ్చితే అక్కర్లేదు. ఎప్పటికీ ఉండిపోయేలా చేసే పద్ధతులూ ఉన్నాయి గానీ, అవి పెట్టె లోపలి మెమరీలోనే మార్పు చేస్తాయి. తేడా వస్తే దిద్దుకోవడం కష్టమని మేం వాటి జోలికి పోలేదు.

డిస్కులోంచి ఆట తీయడం

డిస్కు పెట్టి, మెనూలో ఉండగా సెలెక్ట్ బటన్ నొక్కితే ఒక చిన్న జాబితా వస్తుంది. అందులో యూఎస్‌బీ డివైస్ అన్నచోట మెమరీ స్టిక్ బదులు యూఎండీ డిస్క్ అని మార్చి కంప్యూటరుకి తగిలిస్తే, డిస్కులోని ఆటంతా ఒకే ఫైలుగా కనిపిస్తుంది. ఫైలు పేరు చివర ఐ, ఎస్, ఓ అని మూడు ఇంగ్లీషు అక్షరాలుంటాయి. దాన్ని కంప్యూటరులోకి లాగితే సరి. ఒక్కో డిస్కులో 1.8 జీబీ వరకు పడుతుంది కాబట్టి కొంచెం టైము తీసుకుంటుంది. నేను డిస్కు పెట్టి వెళ్ళి పప్పు ఉడికించి తాలింపు వేసి వచ్చేసరికి అయిపోయింది.

గరగరలాడిన డిస్కులకి ఏం చేశామంటే, విడిపోయిన పెంకుని జాగ్రత్తగా కలిపి చుట్టూ అంచుకి సన్నగా గమ్ రాశాం. లోపలి పలకకి గమ్ తగలకూడదు. ఐదింటిలో నాలుగు చదివింది. ఆ నాలుగింటిలో దేశీ అడ్డా ఒకటి!

కార్డులో ఆట వేయడం

జాబితాలో మళ్ళీ మెమరీ స్టిక్‌కి మార్చుకోండి. కార్డు తెరవగానే కనిపించేచోట, అంటే ఏ ఫోల్డరు లోపలా కాకుండా, ఐఎస్ఓ అని ఇంగ్లీషు పెద్దక్షరాలతో కొత్త ఫోల్డరు చేసి, ఆట ఫైలు అందులో వెయ్యండి. ఔత్సాహికులు సొంతంగా తయారుచేసి ఉచితంగా పంచే చిన్న చిన్న ఆటలుంటాయి, వాటిని హోమ్‌బ్రూ అంటారు. అవి మాత్రం పీఎస్‌పీ ఫోల్డరులోని గేమ్ ఫోల్డరులో, ఒక్కోదాన్ని ఒక్కో ఫోల్డరుగా వెయ్యాలి. గరిటెల డబ్బాలో గరిటెలు, పోపుల డబ్బాలో పోపులు. తారుమారైతే పెట్టెకి కనపడవు.

కాపీ అయ్యాక కంప్యూటరులో ఎజెక్ట్ చేసి, పెట్టెమీద సున్నా బటన్ నొక్కి బయటికొచ్చి, అప్పుడు వైరు తీయాలి. నేను తొందరపడి ముందే లాగేశాను. ఫైలు సగమే పడి ఆట తెరుచుకోలేదు. తీసేసి మళ్ళీ మొదట్నుంచి కాపీ చేస్తే వచ్చింది. ఎడమపక్క నారింజరంగు దీపం మిణుకుమంటున్నంతసేపూ కార్డు బయటికి తీయకూడదు. కొత్త కార్డయితే కంప్యూటరులో కాకుండా పీఎస్‌పీలోనే ఫార్మాట్ చేసుకుంటే కావలసిన ఫోల్డర్లు అదే చేసుకుంటుంది. మీకు మళ్ళీ చెప్తున్నా, కొత్త కార్డయితేనే!

వంద గేముల సంగతి

ఆ షాపబ్బాయి చెప్పిన వంద గేములు ఎందుకొద్దనుకున్నానో కూడా చెప్పాలి. అవి మనం కొన్నవి కావు, ఎవరో శ్రమపడి చేసినవి. మన కాపీరైట్ చట్టంలో 2012లో చేర్చిన 65ఏ సెక్షన్ ప్రకారం, ఇతరుల హక్కు కాజేసే ఉద్దేశంతో ఇలాంటి తాళాలు తీస్తే రెండేళ్ళదాకా జైలు, జరిమానా పడొచ్చు. మన దగ్గరున్న ప్రోగ్రాము పాడైపోకుండా ఒక కాపీ దాచుకోవడానికి మాత్రం అదే చట్టంలో వేరే చోట వెసులుబాటు ఉంది. అందుకే మా డిస్కుల వరకే చేసుకున్నాం. డిస్కుల్ని పారేయకుండా అదే డబ్బాలో దాచాను.

ఇంకో కారణం కూడా ఉంది. ఆ వందలో ఏమేముంటాయో మనకి తెలియదు. డిస్కు పెట్టెమీదైతే 3, 7, 12, 16, 18 అని ఎన్నేళ్ళ పిల్లలకి తగినదో అంకె వేసి ఉంటుంది. మా వాటిలో ఒకటి 18 అంకెది. అది మరిదిగారు తనకోసం కొనుక్కున్నది. కార్డులో వెయ్యలేదు. వాడు అలిగాడు, నేను పట్టించుకోలేదు.

ఇక ఫోన్ మానేశాడా అంటే, పూర్తిగా మానలేదు. ఉన్నమాట చెప్పుకోవాలి కదా! కాకపోతే రాత్రి తొమ్మిది దాటాక ఫోన్ నా దగ్గర, పీఎస్‌పీ వాడి దగ్గర అని ఒప్పందం. చార్జి అయిపోతే వాడే పడుకుంటున్నాడు.

పని పూర్తయిన సాయంత్రం గేమ్ మెనూలో సేవ్డ్ డేటా అన్నది తెరిచాం. ఒక్కొక్క ఆట పక్కన ఎప్పుడు ఆపారో తేదీ, టైము కనిపిస్తాయి. దేశీ అడ్డా దగ్గర 2014 ఫిబ్రవరి 9, ఉదయం 5 గంటల 40 నిమిషాలు అని ఉంది. మావారు కళ్ళజోడు పెట్టుకుని దగ్గరికొచ్చి చూసి, ఏమీ మాట్లాడకుండా వరండాలోకి వెళ్ళిపోయారు. మామగారు ఆస్పత్రిలో చేరడానికి వారం ముందు అది.

"తాతయ్య ఆపినచోట నుంచి ఆడనా, కొత్తగా మొదలుపెట్టనా అమ్మా?" అని అడిగాడు మా చిన్నాడు.

పెన్ డ్రైవ్‌లో కాపీ ఉంది, బీరువాలో భద్రంగా ఉంది. ఇక భయమేముంది?

"ఆపినచోట నుంచే ఆడు నాన్నా" అన్నాను.