మందిర గోపురములో ఎలక్ట్రానిక్ గంటలు



అహరోను అంగీ అంచున బంగారు గంటలు ఉండవలెనని దేవుడు మోషేకు ఆజ్ఞాపించిన సంగతి నిర్గమకాండము 28వ అధ్యాయంలో చదువుతాము. యాజకుడు పరిశుద్ధస్థలములోనికి వెళ్లేటప్పుడు ఆ ధ్వని వినబడవలసి ఉండెను. మన ఊళ్లలోనూ ఆరాధనకు పిలుపు గంటే. మొదటి గంటకు స్నానాలు, రెండవ గంటకు పిల్లలను తీసుకుని బయలుదేరడం చాలా కుటుంబాలకు అలవాటు.

పాత గంట పగిలినచోట, గోపురం బలహీనపడినచోట ఇప్పుడు కొన్ని సంఘాలు ఎలక్ట్రానిక్ కారిలాన్ కొనాలని ఆలోచిస్తున్నాయి. మా సంఘములోనూ దీనిని అమర్చుకున్నాము. ఆలోచనలో ఉన్నవారికి ఉపయోగపడునని ఈ నాలుగు మాటలు వ్రాస్తున్నాము.

కారిలాన్ అంటే ఏమిటి?

వరుస స్వరాలు పలికేలా పోతపోసిన కనీసం 23 కంచు గంటల సముదాయమే కారిలాన్. ఒకే మనిషి కూర్చుని, చెక్క పిడులను పిడికిలితో కొడుతూ దానిమీద పాటలు వాయిస్తాడు. బెల్జియంలోని మెహెలెన్ పట్టణంలో 1922లో దీనికోసం ఒక పాఠశాలే స్థాపించారు. అంత బరువు మోసే గోపురం కట్టడం చిన్న సంఘాలకు సాధ్యం కాదు. అందుచేత 1930లలో అమెరికాలో చిన్న లోహపు కడ్డీలను సుత్తులతో మ్రోగించి, ఆ ధ్వనిని యాంప్లిఫయరుతో పెంచి స్పీకర్లకు పంపే యంత్రాలు వచ్చాయి. నేటి యంత్రాలలో చాలావాటికి కడ్డీలు కూడా లేవు. నిజమైన గంటల నాదాన్ని రికార్డు చేసి చిప్పులో భద్రపరుస్తారు. గడియారం చెప్పిన వేళకు అది మ్రోగుతుంది.

అమర్చేటప్పుడు

పెట్టెను గోపురంలో కాక, దుమ్ము, తేమ లేని గదిలో ఉంచాలి. స్పీకర్లు మాత్రమే పైన ఉండాలి. వాటి నోటికి సన్నని వల బిగించకపోతే పిచ్చుకలు, కందిరీగలు కాపురం పెడతాయి. గోపురానికి పిడుగు నిరోధకం, యంత్రానికి మంచి ఎర్తింగు తప్పనిసరి. కరెంటు పోయినా గడియారం తప్పిపోకుండా లోపల బ్యాటరీ ఉన్నదో లేదో కొనేముందే అడగాలి.

స్పీకర్ల ఎత్తు ముఖ్యమైన విషయం. 1924 డిసెంబరు 25న ప్రతిష్ఠింపబడిన మెదక్ కెథడ్రల్ గోపురం 175 అడుగులు. మన చిన్న మందిరాల గోపురం అయితే పక్కింటి మేడగది కిటికీకి ఎదురుగా ఉంటుంది. కాబట్టి ఒకరు యంత్రం దగ్గర, ఇద్దరు వీధి చివర నిలిచి ధ్వని సరిచూడాలి. మధ్యాహ్నపు సందడిలో చాలీచాలనట్టు వినిపించేదే తెల్లవారుజామున గట్టిగా వినిపిస్తుంది. అందుకని రెండు వేళలలోనూ చూడాలి.

ఏ పాటలు?

గంట నాదంలో ఒక్క స్వరమే ఉండదు. దాని క్రింది స్థాయి, పై స్థాయి, పంచమము, సాధారణ గాంధారము కలిసి పలుకుతాయి. హార్మోనియం మీదలాగా మూడు నాలుగు స్వరాలు కలిపి వాయిస్తే రొద అవుతుంది. గమకాలు గంటమీద పలకవు. ఆంధ్ర క్రైస్తవ కీర్తనలలో నెమ్మదిగా, స్పష్టమైన స్వరాలతో నడిచే వరుసలను ఏరుకుని, ఒక్కొక్క స్వరంగా వాయించితే వినసొంపుగా ఉంటుంది. ఒక చరణం చాలు.

పొరుగువారి మాట

కంచు గంట శబ్దానికి సహజంగా ఒక హద్దు ఉంది. యాంప్లిఫయరుకు ఆ హద్దు మనమే పెట్టాలి. 2000వ సంవత్సరపు శబ్ద కాలుష్య నియమాల ప్రకారం లౌడ్‌స్పీకరుకు అధికారుల వ్రాతపూర్వక అనుమతి ఉండాలి. రాత్రి 10 నుండి ఉదయం 6 వరకు బయటకు వినబడేలా వాడరాదు. నివాస ప్రాంతాలలో పగటి పరిమితి 55 డెసిబెల్స్. ఆసుపత్రి, పాఠశాల చుట్టూ 100 మీటర్ల మేర ఇంకా కఠినం. అదే ఏడాది ఆగస్టులో చెన్నైలోని ఒక సంఘం విషయంలో తీర్పు చెబుతూ, ఇతరుల శాంతికి భంగం కలిగిస్తూ ప్రార్థించుమని ఏ మతమూ చెప్పదని సుప్రీంకోర్టు అభిప్రాయపడింది.

చట్టం లేకపోయినా మనకు వాక్యమున్నది. ప్రేమ లేనివాడు ఎంత గొప్పగా మాట్లాడినా ఉత్త లోహపు మ్రోత వంటివాడని పౌలు కొరింథీయులకు వ్రాశాడు. పక్క వీధిలో మంచంపట్టిన అవ్వకు, పరీక్షలకు చదివే బిడ్డకు మన గంట బాధ కాకూడదు. మా సంఘ పెద్దలు ముందుగా ఇంటింటికీ వెళ్లి అడిగారు. పావుగంటకొకసారి మ్రోగించే ఏర్పాటు ఉన్నా దానిని ఆపివేయించి, ఆదివార ఆరాధనకు, సాయంకాల ప్రార్థనకు మాత్రమే ఉంచారు.

ఒక గంట మాత్రం చేతితోనే

ఒక్క విషయం యంత్రానికి అప్పగించలేదు. విశ్వాసి ఎవరైనా ప్రభువునందు నిద్రించినప్పుడు పాత గంటనే త్రాడు పట్టి, ఆగి ఆగి కొడుతున్నాము. ఎన్నో ఏండ్లుగా గంట కొట్టిన పెద్దాయన ఆ త్రాడు దగ్గరే ఉన్నారు. యంత్రం తాళం కూడా ఆయన చేతిలోనే ఉంది. యంత్రానికి వేళ తెలుసు గాని, ఎవరి ఇంట దుఃఖమున్నదో తెలియదు. అది తెలిసినవారిని సంఘం పోగొట్టుకోకూడదు.

మన గోపురములనుండి వెళ్లే ప్రతి ధ్వని అలసినవారికి ఆదరణగాను, దేవుని నామమునకు మహిమగాను ఉండును గాక.