గడ్డపు తొండ పోషణము

కంచెమీద కూర్చుండి తల పైకెత్తుచు దించుచుండు తొండను ఎరుగని బాలుడు తెలుగు పల్లెలలో ఉండడు. ఆ తొండ కుటుంబమునకే చెందిన మరియొక జంతువు ఆస్ట్రేలియా ఖండపు నడిమి భాగమున, ఎండు భూములలో నివసించుచున్నది. దానిని ‘బియర్డెడ్ డ్రాగన్’ అందురు. అనగా గడ్డముగల తొండ. దాని దవడ క్రింది చర్మము ముండ్లవంటి పొలుసులతో నిండియుండును. భయమో కోపమో కలిగినపుడు ఆ చర్మము ఉబ్బి నల్లబడి గడ్డమువలె కనబడును. జర్మను జంతుశాస్త్రజ్ఞుడు ఎర్న్‌స్ట్ ఆల్ 1926లో దీనిని శాస్త్రీయముగా వర్ణించెను.

ఇది సాధు జంతువు. మనుష్యుల చేతిపై నిర్భయముగా కూర్చుండును. అందువలన అనేక దేశములలో దీనిని ఇండ్లలో పెంచుచున్నారు. దాని స్వదేశముననే క్వీన్స్‌లాండ్, న్యూ సౌత్ వేల్స్ రాష్ట్రములలో దీనిని పెంచదలచినవారు ప్రభుత్వమునుండి అనుమతిపత్రము పొందవలెను.

కుక్కయు పిల్లియు తమ ఒంటి వేడిని తామే పుట్టించుకొనును. గడ్డపు తొండకు ఆ శక్తి చాలదు. ఉదయమున రాతిపై ఎండ కాచుకొని, ఒడలు వేడెక్కిన పిదప ఆహారమునకై తిరుగును. ఎండ ముదిరినపుడు నీడకు చేరును. తగిన వేడి లేనిచో అది తిన్న తిండి జీర్ణము కాదు. ఇంటిలో పెట్టెయందు ఉంచినపుడు అది ఎండకొరకు ఎక్కడికిని పోజాలదు. కావున పెంచువాడే దానికి ఎండను, నీడను కూడ సమకూర్పవలెను.

పెరిగిన తొండ తోకతో కూడ సుమారు 50 సెంటీమీటర్ల పొడవుండును. దానికి 120 సెంటీమీటర్ల పొడవు, 60 సెంటీమీటర్ల వెడల్పు గల పెట్టె కావలెను. ఒక కొనయందు రాతిని పెట్టి, దానిపై వేడినిచ్చు దీపము నమర్పవలెను. అచ్చట వేడి సుమారు 40 డిగ్రీలును, రెండవ కొనయందు సుమారు 25 డిగ్రీలును ఉండవలెను. ఇట్లున్నచో ఏ వేళకు ఏ తావు అవసరమో తొండయే ఎంచుకొనును. వేడిని చేతితో అంచనా వేయరాదు. రెండు కొనలను ఉష్ణమాపకములు ఉంచవలెను. రాత్రివేళ దీపముల నార్పివేయవలెను.

వేడి ఒక్కటే చాలదు. ఎండలోని అతినీలలోహిత కిరణములు చర్మమునకు తగిలినపుడే దాని దేహమున విటమిన్ డి3 తయారగును. ఆ విటమిన్ లేనిదే తిండిలోని కాల్షియము దేహమునకు పట్టదు. అప్పుడు ఎముకలు మెత్తబడి, దవడ సాగి, కాళ్ళు వంగి, తుదకు తొండ నడువలేకపోవును. పెట్టెను కిటికీప్రక్క ఉంచినచో చాలునని కొందరు తలంతురు. కాని కిటికీ అద్దము వెలుతురును రానిచ్చునే గాని ఆ కిరణములను చాలవరకు ఆపివేయును. ఆ కిరణముల నిచ్చు ప్రత్యేక దీపము అవసరము. కొన్ని మాసములకు ఆ దీపమునుండి కిరణములు తగ్గిపోవును. వెలుగు మాత్రము మునుపటివలెనే కనబడును. అందుచే దీపము ఆరిపోకున్నను గడువు ప్రకారము మార్చుచుండవలెను.

పిల్ల తొండలు ఎక్కువగా కీచురాళ్ళవంటి పురుగులను తినును. పెరిగినవాటికి ఆకులు, కూరలు ముఖ్యాహారము. ఆవాకు, గుమ్మడి తురుము పెట్టవచ్చును. పాలకూరలోని ఆక్సాలిక్ ఆమ్లము కాల్షియమును దేహమునకు పట్టనీయదు గనుక దానిని తరచుగా పెట్టరాదు. తొండ రెండు కన్నుల నడిమి దూరమును మించిన పురుగును వేయరాదు. పురుగులపై కాల్షియపు పొడిని చల్లి వేయుట మంచిది. మిణుగురు పురుగు దానికి విషము. ఒక్కటి తిన్నను ప్రాణము పోవచ్చును.

రెండు మగ తొండలను ఒక్క పెట్టెలో ఉంచరాదు. అవి పోరాడి గాయపడును. తెగిన తోక బల్లికివలె వీనికి తిరిగి మొలవదు. ఆరోగ్యముగా కనబడు తొండ మలమునందును సాల్మొనెల్లా అను సూక్ష్మజీవులుండవచ్చును. కావున దానిని ముట్టిన ప్రతిసారి సబ్బుతో చేతులు కడుగుకొనవలెను.

దీనిని చూచి అడవి జంతువులను పట్టి పెంచుటకు పూనుకొనరాదు. ఉడుమును పట్టుట, పెంచుట భారతదేశమున 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టముచే నిషేధింపబడినది.

చక్కగా పోషింపబడిన గడ్డపు తొండ సుమారు పదేండ్లు జీవించును. ఎనిమిదవ తరగతి బాలుడు నేడొక పిల్లను తెచ్చుకొనినచో, అది ముసలిదగు నాటికి అతడు చదువు ముగించి ఉద్యోగములో నుండును. సెలవులకు ఊరికి పోవునపుడు దీపము వెలిగించువారెవరు, పై చదువులకు పోయినపుడు ఆకులు తరిగి పెట్టువారెవరు అని తెచ్చుకొనుటకు ముందే ఆలోచింపవలెను. ఆ ఏర్పాటు చేయలేనివారు దానిని తెచ్చుకొనకుండుటయే దానికి చేయు మేలు.