చర్చాత్మక ప్రజాస్వామ్యంలో ప్రశ్న ఎవరిది? – ‘ప్రజాతీర్పు’ (2001) : ఒక పరిశీలన

ఎన్నికలు పౌరుల అభిప్రాయాలను లెక్కిస్తాయి. ఆ అభిప్రాయాలు ఏ విధంగా రూపొందాయన్నది చర్చాత్మక ప్రజాస్వామ్య సిద్ధాంతపు పరిశీలనాంశం. తగిన సమాచారం, ప్రశ్నించే అవకాశం, ఎదుటివారి వాదన విన్న పిమ్మట తన మాట మార్చుకోగల స్వేచ్ఛ ఉన్నప్పుడే నిర్ణయానికి సాధికారత చేకూరుతుందని హాబర్‌మాస్ మొదలైనవారు ప్రతిపాదించారు. ఈ ప్రతిపాదనను తెలుగునేలపై పరీక్షకు పెట్టిన ప్రయత్నం ‘ప్రజాతీర్పు’. పౌరసభ అనగానే ఐర్లండ్‌ను ఉదాహరించే మనం దీనినీ గుర్తుంచుకోవాలి.

నేపథ్యం ‘విజన్ 2020’. మెకిన్సీ సంస్థ తోడ్పాటుతో 1999లో వెలువడిన ఈ పత్రం ప్రకారం ఆంధ్రప్రదేశ్‌లో భూమిపై ఆధారపడి జీవించేవారు 70 శాతం నుండి 40 శాతానికి తగ్గాలి. తగ్గవలసిన ఆ 30 శాతంలో ఎవరుంటారు? వారు ఎక్కడికి పోతారు?

2001 జూన్ 25 నుండి జూలై 1 వరకు నాటి మెదక్ జిల్లా జహీరాబాద్ సమీపంలోని అల్గోల్ గ్రామంలో, అత్యధికులు చిన్న, సన్నకారు రైతులైన న్యాయనిర్ణేతల బృందం ఈ విషయాన్ని విచారించింది. ప్రభుత్వ ప్రణాళిక, ఎగుమతి ఆధారిత సేంద్రియ సాగు, స్థానిక స్వావలంబన అనే మూడు భవిష్యత్ చిత్రాలను వీడియోల రూపంలో వారికి చూపారు. భిన్న పక్షాల సాక్షులను వారు స్వయంగా ప్రశ్నించారు. విశ్రాంత సుప్రీంకోర్టు న్యాయమూర్తితో కూడిన పర్యవేక్షక మండలి ఈ ప్రక్రియను గమనించింది. మూడింటిలో ఒకదానిని ఎంచుకుని తీరాలన్న నియమం లేదు. తమదైన మరో చిత్రాన్ని కూర్చుకోవచ్చు. పద్ధతి రీత్యా ఇది అత్యంత కీలకమైన అంశమని నా అభిప్రాయం. ఇచ్చిన వాటిలోనే ఎంచుకోమనడం సంప్రదింపు అవుతుందే తప్ప చర్చ కాజాలదు.

వనరులపై సముదాయ నియంత్రణ, నేల ఆరోగ్యం, పంటల వైవిధ్యం కావాలని వారు తీర్పు చెప్పారు. జన్యుమార్పిడి పంటలను, ఒప్పంద సేద్యాన్ని, కూలీల పని పోగొట్టే యాంత్రీకరణను, 40 శాతం లక్ష్యాన్ని తిరస్కరించారు.

అసలు వివాదం ఆ తరువాతనే మొదలైంది. రాష్ట్రానికి ఆర్థిక సహాయం చేస్తున్న బ్రిటన్ అంతర్జాతీయాభివృద్ధి శాఖ 2002లో నివేదిక విశ్వసనీయతను ప్రశ్నించింది. కొద్దిమంది గ్రామీణులు కోట్లాది ప్రజలకు ప్రాతినిధ్యం వహిస్తారా అన్న సందేహం సబబైనదే. నిర్వాహకులలో కొందరికి ముందే నిశ్చితాభిప్రాయాలు ఉన్నాయన్న విమర్శనూ కొట్టివేయలేం. అయితే అదే కొలమానాన్ని ‘విజన్ 2020’కు వర్తింపజేసినవారు ఎందరు? రైతుల తీర్పుకు ప్రాతినిధ్య నిరూపణ అడిగారు. నిపుణుల పత్రానికి నైపుణ్యమే చాలునన్నారు. చర్చలో సమానత్వం గురించి మాట్లాడే సిద్ధాంతకర్తలు ఈ అసమాన నిరూపణభారాన్ని మరింత లోతుగా పరిశీలించవలసి ఉంది.

‘ప్రజాతీర్పు’కు చట్టబద్ధత లేదు. గ్రామసభకు ఉంది. కాని 73వ సవరణ ద్వారా చేరిన 243-ఎ అధికరణం దాని అధికారాలను రాష్ట్ర శాసనసభల విచక్షణకే విడిచింది. పథకం, నిధులు పైన నిర్ణయమై వచ్చినప్పుడు గ్రామసభకు మిగిలేది లబ్ధిదారుల జాబితా. ఆ పథకం తమకు అవసరమా కాదా అన్నది చర్చనీయాంశాల పట్టికలోనే చోటుచేసుకోదు.