ఉమ్మెత్త విషము, అట్రోపిన్ మందు

తార్నాక చౌరస్తా నుండి ఉస్మానియా విశ్వవిద్యాలయం వైపు నడిచి వెళ్ళే వారికి ఉమ్మెత్త మొక్క కొత్త కాదు. ప్రహరీ గోడల వెంట, రైలు పట్టాల పక్కన, ఎవరూ పట్టించుకోని ఖాళీ జాగాల్లో వానలు పడ్డాక అది గుబురుగా లేస్తుంది. బూర వంటి తెల్లని లేక ఊదారంగు పువ్వు, ఒళ్ళంతా ముళ్ళున్న గుండ్రని కాయ దాని గుర్తులు. వినాయక చవితి పత్రిలో దీని ఆకు కూడా ఒకటి గనుక ఊరిలో పెద్దలందరికీ తెలుసు. వంకాయ, టమాట, మిరప దీని చుట్టాలే. ఆ చుట్టరికమే ఒక్కోసారి ప్రమాదం తెస్తుంది. ఉమ్మెత్త గింజలు చూడడానికి ఇంచుమించు మిరప గింజల లాగే ఉంటాయి.

ఈ మొక్కలో వేరు మొదలు గింజ వరకు అంతా విషమే. పొరపాటున తిన్నవారికి సాధారణంగా అరగంట నుండి కొన్ని గంటల లోపల నోరు ఎండిపోతుంది, కంటిపాపలు పెద్దవవుతాయి, చర్మం ఎర్రబడి కాలుతుంది, చెమట పట్టదు, గుండె వేగంగా కొట్టుకుంటుంది, మూత్రం బిగుసుకుంటుంది. తర్వాత మతి తప్పుతుంది. లేని మనుషులతో మాట్లాడతారు, దుప్పటి పోగులు పీకుతూ ఉంటారు. ఇది చూసి "గాలి సోకింది" అని మంత్రగాని దగ్గరకు తీసుకుపోయి విలువైన సమయం పోగొట్టుకున్న కుటుంబాలున్నాయి. దయచేసి అలా చేయవద్దు. ఉప్పునీళ్ళు, చింతపండు రసం పట్టించి కక్కించవద్దు. మత్తులో ఉన్న మనిషికి అది ఊపిరితిత్తుల్లోకి పోతుంది. 108కి ఫోను చేయండి. తిన్న కాయ గాని ఆకు గాని మిగిలి ఉంటే కాగితంలో చుట్టి వెంట తీసుకురండి. డాక్టరుకు అది ఎంతో ఉపయోగం.

2020 ఏప్రిల్‌లో చిత్తూరు జిల్లా బైరెడ్డిపల్లె మండలంలో కొందరు ఉమ్మెత్త గింజల రసం తాగి ఆసుపత్రి పాలయ్యారు. కరోనా వైరస్ బొమ్మ, ఈ ముళ్ళ కాయ ఒకేలా ఉన్నాయి గనుక కాయ రసం ఆ రోగానికి విరుగుడని సెల్‌ఫోనులో వచ్చిన వీడియోను వారు నమ్మారు. రూపం కలిసినంత మాత్రాన మందు కాదు గదా!

అయితే ఇదే విషాన్ని కొలత కట్టి వాడితే ప్రాణం నిలుస్తుంది. ఉమ్మెత్తలోనూ, దాని ఐరోపా చుట్టమైన బెల్లడొన్నాలోనూ ఉండే అట్రోపిన్ మా అత్యవసర విభాగంలో తప్పనిసరిగా ఉండే మందు. గుండె మరీ నెమ్మదించినప్పుడు ఇస్తాము. కంటిపాప పెద్దది చేసి పరీక్షించడానికి చుక్కలుగా వాడతాము. ఆయాసానికి నెబ్యులైజర్‌లో వేసే ఇప్రట్రోపియం కూడా అట్రోపిన్ నుండి తయారైనదే. పూర్వం ఆయాసానికి ఉమ్మెత్త ఆకు పొగ పీల్చేవారు. ఇంట్లో అది చేయవద్దు. ఒక మొక్కలో విషం ఎంతో, పక్క మొక్కలో ఎంతో ఎవరూ చెప్పలేరు.

ఇక మీలో కొందరికి ముఖ్యమైన సంగతి. మీ మనిషి పురుగుల మందు తాగి ఇక్కడ చేరి ఉండవచ్చు. ఆ మందుల్లో చాలా వాటి వలన నోట నురుగు, ఒళ్ళంతా చెమట, చుక్కంత చిన్న కంటిపాపలు వస్తాయి, ఊపిరితిత్తులు నీటితో నిండుతాయి. అట్రోపిన్ దీనికి సరిగ్గా ఎదురు పని చేస్తుంది. ఊపిరితిత్తులు ఆరే వరకు కొద్ది నిమిషాల కొకసారి మోతాదు పెంచుతూ ఇస్తాము. ఫార్మసీ నుండి ఆంప్యూళ్ళు డబ్బాల కొద్దీ తెమ్మంటే కంగారుపడవద్దు. ఒక్కో దానిలో ఉండేది 0.6 మిల్లీగ్రామే.

ఆ చికిత్సలో రోగి నోరు ఎండుతుంది, ముఖం ఎర్రబడుతుంది. కొందరు పొంతన లేకుండా మాట్లాడతారు, సెలైన్ గొట్టం లాగేస్తారు. పైన చెప్పిన ఉమ్మెత్త గుర్తులే ఇవి. మతి పోయిందని ఏడవకండి, మోతాదు తగ్గించగానే మెల్లగా సర్దుకుంటుంది. కాని ఒళ్ళు బాగా కాలినా, పెనుగులాట ఎక్కువైనా వెంటనే సిస్టర్‌ను పిలవండి. మోతాదు ఎక్కువైందేమో చూస్తారు. దాహం అంటున్నాడని జాలిపడి దొంగచాటుగా నీళ్ళు పోయవద్దు, పొరమారితే ఊపిరితిత్తుల్లోకి పోతాయి. సిస్టర్ అనుమతిస్తే తడి దూదితో పెదవులు అద్దండి.

"అట్రోపిన్ ఉమ్మెత్తలోనే ఉన్నది గదా, పల్లెలో ఎవరైనా పురుగుల మందు తాగితే ఆకు రసం పోయవచ్చా?" అని ఒక పెద్దాయన అడిగారు. పోయకూడదు. విషం మీద మరొక విషం పడుతుంది, ఆసుపత్రికి చేరే లోపల రెండిటిలో దేని గుర్తులో మాకూ తెలియకుండా పోతుంది. తడిసిన బట్టలు తీసివేసి, ఒళ్ళు సబ్బునీళ్ళతో కడిగి, ఎడమ వైపు పక్కకు పడుకోబెట్టి, మందు డబ్బాతో సహా తీసుకురండి.