సావర్‌క్రౌట్‌తో బ్రాట్‌వుర్స్ట్

సావర్‌క్రౌట్‌తో బ్రాట్‌వుర్స్ట్ జర్మనీ దేశపు సాంప్రదాయిక భోజనాలలో ఒకటి. ఉప్పులో పులియబెట్టిన క్యాబేజీ తురుమును సావర్‌క్రౌట్ అని, వేయించి లేదా నిప్పులపై కాల్చి తినే మాంసపు సాసేజిని బ్రాట్‌వుర్స్ట్ అని అంటారు. ఈ రెంటినీ ఉడికించిన బంగాళాదుంపలతోను, ఆవముద్దతోను కలిపి వడ్డిస్తారు. కూరగాయలు పండని దీర్ఘమైన శీతాకాలంలో పంటను, మాంసాన్ని చెడిపోకుండా నిలువ ఉంచుకొనవలసిన అవసరం నుండి ఈ భోజనం పుట్టింది. ఈ నిలువ సరిగా కుదిరితే కుటుంబానికి ఆరు నెలల ఆహారం; కుదరకపోతే అదే ప్రాణాంతకం కూడా అయ్యేది.

పేరు

జర్మన్ భాషలో "సావర్" అనగా పుల్లని, "క్రౌట్" అనగా ఆకుకూర లేదా క్యాబేజీ. "వుర్స్ట్" అనగా సాసేజి. జర్మన్ భాషలో "బ్రాటెన్" అనగా వేయించుట కనుక బ్రాట్‌వుర్స్ట్ అంటే వేయించిన సాసేజి అని సాధారణంగా భావిస్తారు. కాని ఈ పదానికి మూలం "బ్రేట్" అనే పాత మాట. దానికి సన్నగా తరిగిన మాంసమని అర్థం.

చరిత్ర

కూరగాయలను ఉప్పులో ఊరవేసే పద్ధతి ఐరోపాలో చాలా పాతది. క్రీ.శ. 1వ శతాబ్దానికి చెందిన రోమన్ రచయిత కొలుమెల్లా తన వ్యవసాయ గ్రంథంలో కూరగాయలను ఉప్పునీటిలోను, పుల్లని ద్రవాలలోను నిలువ చేసే విధానాలను వివరించాడు. మంగోలులు చైనా నుండి ఈ పద్ధతిని ఐరోపాకు తెచ్చారనే కథ ప్రచారంలో ఉన్నది కాని, దానికి బలమైన ఆధారాలు లేవు.

సాసేజికి సంబంధించి ఇంతకంటే స్పష్టమైన పత్రాలు లభిస్తున్నాయి. తురింగియా ప్రాంతంలోని ఆర్న్‌స్టాట్ పట్టణపు కన్యాశ్రమం లెక్కల పుస్తకంలో 1404వ సంవత్సరంలో బ్రాట్‌వుర్స్ట్ కొరకు ప్రేగులు కొన్న ఖర్చు నమోదై ఉన్నది. 1432 నాటి వైమార్ పట్టణపు శాసనం ఒకటి సాసేజిలో స్వచ్ఛమైన, తాజా మాంసమే వాడాలని కసాయివారిని ఆదేశించింది. అతిక్రమించినవారికి 24 ఫెనిగ్‌ల జరిమానా విధించేవారు. ఈ పత్రం 2007లో వెలుగులోకి వచ్చింది.

18వ శతాబ్దంలో సావర్‌క్రౌట్ సముద్రయానాలలో ప్రాముఖ్యం పొందింది. అప్పటి నావికులకు స్కర్వీ వ్యాధి పెద్ద ముప్పు. విటమిన్ సి లోపం వలన చిగుళ్ళు వాచి రక్తం కారడం, పాత గాయాలు తిరిగి రేగడం, చివరకు మరణం సంభవించేవి. 1768లో ఎండెవర్ నౌకపై బయలుదేరిన జేమ్స్ కుక్ తన వెంట పెద్దమొత్తంలో సావర్‌క్రౌట్ తీసుకొని వెళ్ళాడు. మొదట నావికులు దానిని తినడానికి ఇష్టపడలేదు. అప్పుడు కుక్ దానిని ప్రతిదినం అధికారుల బల్లపై వడ్డింపజేశాడు. పైవారు ఇష్టంగా తినడం చూసి నావికులు కూడా అడిగి తినసాగారని అతడు తన దినచర్యలో వ్రాశాడు. నావికుల ఆరోగ్య పరిరక్షణపై కుక్ సమర్పించిన పత్రానికి 1776లో రాయల్ సొసైటీ కోప్లీ పతకం లభించింది. అయితే సావర్‌క్రౌట్‌లో విటమిన్ సి నిమ్మజాతి పండ్లలో ఉన్నంత ఉండదు. ఆగిన ప్రతి తీరంలోను తాజా ఆకుకూరలు సేకరింపజేయడం కూడా కుక్ విజయానికి ముఖ్యకారణం.

సాసేజి రకాలు

జర్మనీలో సాసేజిలను తయారీ విధానాన్ని బట్టి మూడు వర్గాలుగా విభజిస్తారు.

* రోవుర్స్ట్ - పచ్చి మాంసంతో చేసి, ఉప్పు, పులియబెట్టడం, ఆరబెట్టడం, పొగ పెట్టడం ద్వారా నిలువ చేసేవి.
* బ్రూవుర్స్ట్ - మెత్తగా రుబ్బిన మాంసాన్ని ప్రేగులో నింపి వేడినీటిలో మగ్గించినవి. ఫ్రాంక్‌ఫర్ట్ సాసేజి ఈ వర్గానికి చెందుతుంది.
* కోఖ్‌వుర్స్ట్ - ముందుగా ఉడికించిన మాంసం, కాలేయం, రక్తం మొదలైన వాటితో చేసేవి.

బ్రాట్‌వుర్స్ట్ పచ్చిదిగాను, వేడినీటిలో మగ్గించినదిగాను కూడా అమ్మబడుతుంది. న్యూరెంబర్గ్ బ్రాట్‌వుర్స్ట్ 7 నుండి 9 సెంటీమీటర్ల పొడవు, 20 నుండి 25 గ్రాముల బరువు మాత్రమే ఉంటుంది. దీనికి ప్రత్యేకమైన సువాసన నిచ్చేది మరువం. తెలుగునాట పూలమాలలలో కట్టే మరువమే ఇది. తురింగియా బ్రాట్‌వుర్స్ట్ కనీసం 15 సెంటీమీటర్ల పొడవు ఉంటుంది; దానిని బొగ్గుల నిప్పుపై కాలుస్తారు. ఈ రెండు పేర్లకూ ఐరోపా సమాఖ్య భౌగోళిక గుర్తింపు రక్షణ ఉన్నది.

క్యాబేజీని పులియబెట్టే విధానం

గట్టి క్యాబేజీని సన్నగా తరిగి, కిలో తురుముకు 20 నుండి 25 గ్రాముల ఉప్పు చొప్పున కలిపి, నీరు ఊరే వరకు చేతితో బాగా పిసుకుతారు. తరువాత దానిని జాడీలో గాలి లేకుండా అదిమి, పైన బరువు ఉంచుతారు. తురుము ఎల్లప్పుడూ ఊటలో మునిగి ఉండాలి. 18 నుండి 22 డిగ్రీల సెల్సియస్ వేడిమి వద్ద ఇది మూడు నుండి ఆరు వారాలలో తయారవుతుంది. వేడిమి అంతకంటే బాగా ఎక్కువైతే తురుము మెత్తబడి చెడిపోతుంది. కనుక వేసవిలో ఎండలు తీవ్రంగా ఉండే ప్రాంతాలలో దీనిని చలికాలంలోనే వేయడం మంచిది.

ఇందులో బయటినుండి వేసే పులుపు ఏదీ ఉండదు. క్యాబేజీ ఆకులపై సహజంగా ఉండే సూక్ష్మజీవులే ఆ పని చేస్తాయి. ఉప్పు ఆకులలోని నీటిని, చక్కెరలను బయటకు లాగుతుంది; హానికర జీవులను అణచి, ఉప్పును తట్టుకొనే లాక్టిక్ ఆమ్ల బాక్టీరియాకు అవకాశమిస్తుంది. మొదటి దశలో ల్యూకనోస్టాక్ మెసెంటరాయిడిస్ అనే బాక్టీరియా చక్కెరలను ఆమ్లాలుగాను, బొగ్గుపులుసు వాయువుగాను మారుస్తుంది. మొదటి రోజులలో కనిపించే బుడగలు దీనివలననే వస్తాయి. ఇడ్లీ పిండి పొంగడంలో కూడా ఈ బాక్టీరియాకు పాత్ర ఉన్నది. ఆమ్లం పెరిగిన తరువాత ఇది తగ్గిపోయి, పులుపును మరింతగా తట్టుకొనే ప్లాంటారమ్ వంటి బాక్టీరియా మిగిలిన పని పూర్తిచేస్తుంది. చివరకు పీహెచ్ విలువ సుమారు 3.5కు చేరుతుంది.

ఊటపై కొన్నిసార్లు తెల్లని పలుచని పొర కడుతుంది. ఇది సాధారణంగా ఈస్టు వలన ఏర్పడేది. దానిని తీసివేస్తే సరిపోతుంది. రంగురంగుల బూజు పట్టినా, జిగురుగా మారినా, కుళ్ళు వాసన వచ్చినా మొత్తం పారవేయాలి.

భోజనం తయారీ

కావలసిన పదార్థాలు (నలుగురికి)

* సావర్‌క్రౌట్ - 800 గ్రాములు
* బ్రాట్‌వుర్స్ట్ - 4 పెద్దవి లేదా 24 చిన్న న్యూరెంబర్గ్ రకానివి
* బంగాళాదుంపలు - 1 కిలో, అదనంగా చిన్నది ఒకటి
* ఉల్లిపాయ - 1, పుల్లని ఆపిల్ - 1
* పంది కొవ్వు లేదా వెన్న - 2 పెద్ద చెంచాలు
* తెల్ల ద్రాక్షసారాయి లేదా ఉడికించిన మాంసపు రసం - 200 మిల్లీలీటర్లు
* జూనిపర్ కాయలు - 5, లారెల్ ఆకు - 1, కారవే గింజలు - అర చెంచా
* ఆవముద్ద - తగినంత

కారవే గింజలు చూడడానికి జీలకర్రను పోలి ఉంటాయి కాని రుచి వేరు. లారెల్ ఆకు, మన బిర్యానీ ఆకు వేర్వేరు చెట్లకు చెందినవి. రెంటి వాసన ఒకటి కాదు.

తయారీ విధానం

# సావర్‌క్రౌట్‌ను రుచి చూసి, పులుపు లేదా ఉప్పు మరీ ఎక్కువగా ఉంటేనే ఒకసారి నీటితో కడిగి పిండాలి.
# కొవ్వును వేడిచేసి తరిగిన ఉల్లిపాయను రంగు మారకుండా మెత్తబడే వరకు వేయించాలి.
# సావర్‌క్రౌట్, ఆపిల్ ముక్కలు, జూనిపర్ కాయలు, లారెల్ ఆకు, కారవే గింజలు వేసి, ద్రాక్షసారాయి లేదా రసం పోసి, మూతపెట్టి సన్నని సెగపై 30 నుండి 45 నిమిషాలు ఉడికించాలి. ఉప్పు చివరలో, అవసరమైతేనే వేయాలి.
# ఆఖరి పది నిమిషాలలో చిన్న బంగాళాదుంపను తురిమి కలిపితే రసం చిక్కబడుతుంది.
# మిగిలిన బంగాళాదుంపలను వేరుగా ఉడికించి తొక్క తీయాలి.
# పచ్చి సాసేజిలను మరగని వేడినీటిలో, సుమారు 75 నుండి 80 డిగ్రీల వద్ద, పది నిమిషాలు ఉంచాలి. నీరు మరిగితే పొర చిట్లి లోపలి రసం పోతుంది.
# తరువాత తడి తుడిచి, మధ్యస్థమైన సెగపై అన్ని వైపులా ఎర్రగా వేయించాలి. పంది మాంసపు సాసేజి లోపలి వేడిమి కనీసం 71 డిగ్రీలకు చేరాలి.

సావర్‌క్రౌట్‌పై సాసేజిలను అమర్చి, బంగాళాదుంపలు, ఆవముద్దతో వేడిగా వడ్డిస్తారు. వెన్న లేదా నూనెతో, మాంసపు రసం లేకుండా వండిన సావర్‌క్రౌట్ శాకాహారులకు కూడా పనికివస్తుంది.

సాసేజి విషం

18వ శతాబ్దపు చివర నుండి జర్మనీలోని వూర్టెంబర్గ్ ప్రాంతంలో సాసేజిలు తిన్నవారు చూపు మసకబారి, మింగలేక, ఊపిరాడక మరణించడం పలుమార్లు జరిగింది. వైద్యుడు, కవి అయిన యుస్టినుస్ కెర్నర్ ఇటువంటి సంఘటనలను సేకరించి 1820, 1822 సంవత్సరాలలో గ్రంథాలు ప్రచురించాడు. గాలి తగలని సాసేజిల లోపల ఈ విషం పుడుతుందని అతడు గుర్తించాడు. 1895లో బెల్జియంలో పంది మాంసం తిని కొందరు వ్యాధిగ్రస్తులైనప్పుడు ఎమిల్ వాన్ ఎర్మెంగెమ్ దీనికి కారణమైన బాక్టీరియాను కనుగొన్నాడు. లాటిన్ భాషలో సాసేజిని "బొటులస్" అంటారు కనుక ఈ వ్యాధికి బొటులిజం అనే పేరు స్థిరపడింది.

సావర్‌క్రౌట్ జాడీలో కూడా గాలి ఉండదు. అయినప్పటికీ అది సురక్షితంగా ఉండడానికి కారణం పులుపు. పీహెచ్ విలువ 4.6 కంటే తక్కువగా ఉన్నచోట ఈ బాక్టీరియా పెరగలేదు. అందువలన ఉప్పును తూచి వేయడం, తురుమును ఊటలో ముంచి ఉంచడం అనే రెండు నియమాలను తప్పక పాటించాలి. మాంసానికి ఈ పులుపు లేదు కనుక నిలువ సాసేజిలలో నైట్రైట్ కలిపిన ఉప్పు వాడుతారు. నైట్రైట్ లేని తాజా బ్రాట్‌వుర్స్ట్‌ను శీతల పెట్టెలో ఉంచి త్వరగా వాడుకోవాలి.

పోషక విలువలు, జాగ్రత్తలు

100 గ్రాముల సావర్‌క్రౌట్‌లో సుమారు 20 కేలరీలు, 15 మిల్లీగ్రాముల విటమిన్ సి ఉంటాయి. ఎక్కువసేపు ఉడికిస్తే విటమిన్ సి తగ్గుతుంది, మేలుచేసే బాక్టీరియా నశిస్తుంది. సోడియం 600 మిల్లీగ్రాములకు పైగా ఉంటుంది కనుక రక్తపోటు ఉన్నవారు మితంగా తినాలి. ఇందులో ఉండే టైరమిన్ వలన, మానసిక కుంగుబాటుకు వాడే ఎమ్‌ఏఓ నిరోధక మందులు తీసుకొనేవారు దీనిని తినరాదు. ప్రపంచ ఆరోగ్య సంస్థకు చెందిన క్యాన్సర్ పరిశోధనా సంస్థ 2015లో శుద్ధిచేసిన మాంసాన్ని పెద్దప్రేగు క్యాన్సరు కారకాలలో చేర్చింది. కాబట్టి సాసేజి నిత్యాహారంగా తగినది కాదు.

ప్రాంతీయ భేదాలు

బెర్లిన్‌లో సావర్‌క్రౌట్‌ను ఉడికించిన పంది కాలి మాంసంతోను, బఠాణీ ముద్దతోను తింటారు. ఫ్రాన్సులోని అల్సాస్ ప్రాంతంలో పలురకాల సాసేజిలు, మాంసపు ముక్కలు చేర్చి వండే వంటకాన్ని షుక్రూట్ గార్ని అంటారు. పోలండులో తాజా, పులిసిన క్యాబేజీలను మాంసంతో కలిపి బిగోస్ అనే వంటకం చేస్తారు. అమెరికాలోని పెన్సిల్వేనియాకు వలస వెళ్ళిన జర్మన్ల వారసులు నూతన సంవత్సర దినాన పంది మాంసం, సావర్‌క్రౌట్ తినడం శుభమని నమ్ముతారు.

విశేషాలు

* స్టుట్‌గార్ట్ సమీపంలోని ఫిల్డర్ మైదానంలో కొన దేలిన ప్రత్యేక క్యాబేజీ రకం పండుతుంది. ఇది సావర్‌క్రౌట్‌కు ప్రసిద్ధి.
* మొదటి ప్రపంచ యుద్ధకాలంలో జర్మనీపై వ్యతిరేకత వలన అమెరికాలో సావర్‌క్రౌట్‌ను "స్వేచ్ఛా క్యాబేజీ" అని పిలిచారు.
* విల్‌హెల్మ్ బుష్ 1865లో ప్రచురించిన "మాక్స్ ఉండ్ మోరిట్జ్" బొమ్మల కథలో, ఒక విధవరాలు సావర్‌క్రౌట్ తేవడానికి నేలమాళిగకు వెళ్ళిన సమయంలోనే ఇద్దరు కొంటె బాలురు ఆమె కోళ్ళను దొంగిలిస్తారు.
* వండిన సావర్‌క్రౌట్‌ను మరునాడు తిరిగి వేడిచేస్తే రుచి పెరుగుతుందని జర్మన్లు భావిస్తారు.