ఆ వంటిల్లు ఎవరిది?

సినిమా మొదట్లో "ప్రొడక్షన్ డిజైన్" అని ఒక కార్డు పడుతుంది. నిజం చెప్పండి, ఆ పేరు ఎప్పుడైనా చదివారా? 'మూన్‌లైట్' చూసేదాకా నేనూ చదవలేదు.

మయామీలోని లిబర్టీ సిటీ కథ అది. దర్శకుడు బ్యారీ జెంకిన్స్ పెరిగిన పేట కూడా అదే. చైరన్ అనే కుర్రాడికి తల్లి ఉన్న ఇల్లొకటి, పిలిచి భోజనం పెట్టే థెరెసా ఇల్లొకటి. ఏ ఇంట్లో వాడికి ఊపిరాడుతుందో ఎవరూ చెప్పక్కర్లేదు, గదులు చూస్తేనే తెలిసిపోతుంది. కెమెరా పట్టుకుని ఎవరింట్లోకో వెళ్లి తీసేశారేమో అనుకున్నా. కాదు. ఆ గదుల వెనక హానా బీచ్లర్ ఉన్నారు. షూటింగ్ మొత్తం 25 రోజులే!

ఓహాయోలో ముందు ఫ్యాషన్ డిజైన్, తర్వాత సినిమా చదివారావిడ. 2013లో ర్యాన్ కూగ్లర్ మొదటి సినిమా 'ఫ్రూట్‌వేల్ స్టేషన్' చేశారు. బడ్జెట్ సుమారు 9 లక్షల డాలర్లు. 2009లో పోలీసు ఆస్కర్ గ్రాంట్‌ని కాల్చిన అసలు ప్లాట్‌ఫాం మీదే ఆ సీను తీశారు.

చిన్న సినిమాలో సెట్ వేసే డబ్బుండదు. స్క్రిప్ట్‌లో ఎన్ని చోట్లున్నాయో లెక్కేసుకుని, దర్శకుడితో కలిసి తిరిగి, నిజం ఇల్లే అద్దెకు తీసుకోవాలి. ఏ సోఫా తీసెయ్యాలి, గోడకి ఏ రంగు, ఫ్రిజ్ మీద ఏముండాలి? షూటింగ్ అయ్యాక అన్నీ మళ్లీ యథాస్థానంలో పెట్టివ్వాలి. పని బాగా కుదిరితే ఎవరికీ కనిపించదు. (మా సర్వర్ టీమ్ బతుకూ ఇంతే. సర్వర్ పడిపోయిన రాత్రే వాళ్లు గుర్తొస్తారు.)

కూగ్లర్ మాత్రం ఆవిడని వదల్లేదు. 'క్రీడ్' తర్వాత, 20 కోట్ల డాలర్ల 'బ్లాక్ పాంథర్'కీ ఆవిడనే తీసుకున్నారు. ఈసారి లేని దేశాన్నే కట్టాలి. వకాండా కోసం ఆవిడ దాదాపు 500 పేజీల పుస్తకం తయారుచేసుకున్నారు. 2019లో ఆస్కార్ వచ్చింది. ప్రొడక్షన్ డిజైన్‌లో అది గెలిచిన తొలి ఆఫ్రికన్ అమెరికన్ ఆవిడే.

మరి 'మూన్‌లైట్' సంగతి? 2017లో దానికి 8 నామినేషన్లు వచ్చాయి, ఉత్తమ చిత్రం కూడా అదే. ప్రొడక్షన్ డిజైన్‌కి మాత్రం నామినేషన్ కూడా లేదు. వకాండా గొప్పదే, కాదనను. నన్నడిగితే మాత్రం నా ఓటు థెరెసా ఇంటికే.